స్టేషన్ వచ్చింది సరే, రైలేది?

పోయిన నెల మన కాలేజీ గేటు ముందు ఒకాయన ప్లాట్ల కరపత్రాలు పంచుతున్నాడు. మనలో ఎవరికీ ప్లాటు కొనే స్తోమత లేదని ఆయనకీ తెలుసు, అయినా తలా ఒకటి చేతిలో పెట్టాడు. మంచి ఆర్ట్ పేపరు, రంగుల మ్యాపు. అందులో మన కాలేజీ ఉంది, ఔటర్ రింగ్ రోడ్డు ఉంది, ఒక చుక్కల గీత ఉంది. ఆ గీత మీద నీలం వృత్తం, దాని పక్కన "ప్రతిపాదిత రైల్వే స్టేషన్ - 3 నిమిషాలు" అని రాసుంది. స్టేషన్ ఎప్పుడొస్తుందో ఎవరికీ తెలియదు గానీ, అక్కడికి ఎన్ని నిమిషాలు పడుతుందో మాత్రం అప్పుడే లెక్క తేలిపోయింది!

ఆ రాత్రి హాస్టల్లో ఇదే చర్చ. ఒకడు ఇంటర్న్‌షిప్‌కి హైటెక్ సిటీ దాకా రైల్లో కూర్చుని పోవచ్చన్నాడు. ఇంకొకడు పండక్కి ఇంటికి పోవడానికి సికింద్రాబాద్ దాకా ఆటోవాళ్లతో బేరాలుండవన్నాడు. అందరూ సంతోషంగా ఉన్నారు. నేనొక్కడినే, "సరే, రోజుకి ఎన్ని రైళ్లు ఆగుతాయంట?" అని అడిగాను. మా రూమ్మేట్‌ది కరీంనగర్. వాడికి కోపమొచ్చింది. "అరె, నువ్వు ప్రతిదానికి గిట్లనే అంటవ్ రా. ముందుగాల జాగ తీసుకొని స్టేషన్ కట్టాలె. రైళ్లు తర్వాత ఎట్లనైనా వస్తయ్" అన్నాడు.

ఆ రాత్రి వాడికి సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. ఈ వ్యాసం ఆ జవాబే. కొంచెం పొడుగైంది, ఓపిక పట్టండి.

ముందు నా సంగతి చెప్పాలి. మాది అనంతపురం జిల్లా వజ్రకరూరు మండలంలో ఒక పల్లె. వజ్రకరూరు అనగానే మీకు టీవీలో చూసిన దృశ్యం గుర్తొస్తుంది. తొలకరి పడిందంటే చాలు, ఎక్కడెక్కడి నుంచో జనం వచ్చి, గొడుగులేసుకుని, సద్ది మూటలు పక్కన పెట్టుకుని మా చేలల్లో వంగి వజ్రాలు ఏరుతుంటారు. భూమి కింద కింబర్లైట్ పైపులున్నాయి, దాని మీద జియలాజికల్ సర్వే వాళ్ల మ్యూజియం కూడా ఉంది. ఏటా ఎవరికో ఒకరికి దొరికిందని పుకారు పుడుతుంది. ఆ పుకారుతో మిగతా వెయ్యి మంది ఇంకో ఏడాది ఏరుతారు. ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడే చోట, శెనిక్కాయ పంట రెండేళ్లకోసారి చేతికొచ్చే చోట, జనం పుకారునైనా నమ్ముకోవాల్సిందే. "స్టేషన్ వస్తుందంట" అనే మాట వింటే నాకు ఆ చేలే గుర్తొస్తాయి.

మా మండలంలో రైల్వే స్టేషన్ అని చెప్పుకోవడానికి పనికొచ్చేది లేదు. కానీ కొనకొండ్ల మీదుగా ఇరవై కిలోమీటర్ల పైచిలుకు పోతే గుంతకల్లు జంక్షన్. మద్రాసు నుంచి వచ్చిన లైనూ, బొంబాయి నుంచి వచ్చిన లైనూ రాయచూరు దగ్గర కలిసింది 1871లో. అంటే గుంతకల్లు మీదుగా ఈ దేశంలోని రెండు పెద్ద పట్నాల మధ్య రైళ్లు తిరగబట్టి నూట యాభై ఏళ్లు దాటింది. ఇవాళ అక్కడ నిలబడితే ముంబై పోయే బండి, చెన్నై పోయే బండి, బెంగళూరు, బళ్లారి మీదుగా హుబ్లీ, నంద్యాల మీదుగా గుంటూరు, అన్నీ కనిపిస్తాయి. డివిజన్ ఆఫీసూ అక్కడే. రైల్వే లేని ఊరు అని మాది అనడానికి నాకే మనసొప్పదు, రాత్రి గాలి అటునుంచి వీస్తే కూత వినబడినట్టే ఉంటుంది.

మా అక్క ఇంటర్ తర్వాత గుంతకల్లులో డిగ్రీ చేరింది. బీఎస్సీ. పొద్దున పోవడానికి ఇబ్బంది లేదు, అందరూ పోయే వేళ కాబట్టి ఏదో ఒక బండి దొరికేది. చిక్కంతా సాయంత్రమే. నాలుగున్నరకి ల్యాబ్ అయిపోతుంది. మా ఊరి దిక్కు వచ్చే బండి నాలుగుంపావుకి వెళ్లిపోయి ఉంటుంది. తర్వాతది ఏడు దాటాక. చలికాలంలో ఏడంటే చిమ్మచీకటి. మెయిన్ రోడ్డు మీద దిగి ఊళ్లోకి నడవాలి. మా నాయన రోజూ టార్చిలైటు పట్టుకుని రోడ్డు మీద నిలబడేవాడు. ఆ తర్వాత ఆయన బేల్దారి పనికి బెంగళూరు పోవాల్సి వచ్చింది. నేనప్పుడు ఎనిమిదో తరగతి. టార్చి పట్టుకుని నిలబడేవాళ్లు లేరు. ఊళ్లో నాలుగు మాటలు లేచాయి. రెండో ఏడాది మధ్యలో అక్క చదువు ఆగిపోయింది. ఇప్పుడు ఇంట్లో మిషను కుడుతుంది.

ఈ కథ కన్నీళ్ల కోసం చెప్పడం లేదు. ఇందులో ఒక లెక్క ఉంది. మా ఊరికీ గుంతకల్లుకీ ఉన్న దూరం, మేడ్చల్‌కీ సికింద్రాబాద్‌కీ ఉన్న దూరం కంటే తక్కువే. హైదరాబాదులో ఆ మాత్రం దూరం రోజూ తిరిగి చదువుకునే ఆడపిల్లలు మన క్లాసులోనే పదిమంది ఉన్నారు. కాబట్టి మా అక్క చదువు ఆగడానికి దూరం కారణం కాదు. కాలేజీ లేకపోవడమూ కాదు, ఉంది. రోడ్డు లేకపోవడమూ కాదు, ఉంది. ఫీజు కూడా కాదు. నాలుగుంపావుకీ ఏడుకీ మధ్య ఉన్న ఆ ఖాళీ కారణం. మనం ఏ ప్రాజెక్టు మ్యాపులోనూ ఆ ఖాళీని గీయం. మ్యాపులో చుక్కల గీత ఉంటుంది, నీలం వృత్తం ఉంటుంది. టైము ఉండదు.

ఇప్పుడు హైదరాబాదుకి వద్దాం. మన ఊళ్లో లోకల్ రైలు కథ 2003 ఆగస్టు 9న మొదలైంది. సికింద్రాబాద్, నాంపల్లి, లింగంపల్లి, ఫలక్‌నుమాలను కలుపుతూ ఎంఎంటీఎస్ మొదటి దశ వచ్చింది. ఉన్న పట్టాల మీదే నడిపారు కాబట్టి ఖర్చు తక్కువ. బేగంపేట, బోరబండ, హైటెక్ సిటీ, హఫీజ్‌పేట ఇవన్నీ రోజూ పనికి పోయేవాళ్ల స్టేషన్లు అయ్యాయి. కనీస టికెట్టు 5 రూపాయలు. కరోనాకు ముందు రోజుకి 121 సర్వీసులు తిరిగేవి. లక్ష మందికి పైగా ఎక్కేవాళ్లు. ఇళ్లలో పనిచేసేవాళ్లు, సెక్యూరిటీ గార్డులు, షాపింగ్ మాల్స్‌లో నిలబడే పిల్లలు, మనలాంటి స్టూడెంట్లు. 5 రూపాయలకి ఈ నగరంలో ఇంకేం వస్తుంది? ఛాయ్ కూడా రాదు.

2012-13లో రెండో దశ మంజూరైంది. అప్పటి అంచనా సుమారు 817 కోట్లు, అందులో రెండు వంతులు రాష్ట్రం, ఒక వంతు రైల్వే పెట్టుకోవాలి. ఇటు బొల్లారం మీదుగా మేడ్చల్ దాకా, అటు ఘట్‌కేసర్ దాకా, కింద ఫలక్‌నుమా నుంచి ఉందానగర్ దాకా, తెల్లాపూర్ నుంచి రామచంద్రాపురం దాకా, సికింద్రాబాద్‌ని ముట్టుకోకుండా సనత్‌నగర్ నుంచి మౌలాలి దాకా. కాగితం మీద చూస్తే నగరం చుట్టూ మాల కట్టినట్టు ఉంటుంది. పని జరిగే కొద్దీ ఖర్చు పెరిగింది. వాటా డబ్బుల కోసం ఉత్తరాలు నడిచాయి. మౌలాలి-సనత్‌నగర్ మధ్య 22 కిలోమీటర్ల లైను రక్షణ శాఖ భూముల దగ్గర చాలాకాలం ఆగింది. మేడ్చల్, ఉందానగర్ వైపు కొత్త సర్వీసులు 2023 ఏప్రిల్ 8న మొదలయ్యాయి. మౌలాలి-సనత్‌నగర్ లైను 2024 మార్చి 5న. నేరేడ్‌మెట్, అమ్ముగూడ, భూదేవి నగర్, సుచిత్ర సెంటర్, ఫిరోజ్‌గూడ అని కొత్త స్టేషన్లు. ఈ పేర్లన్నీ ఎక్కడివో మీకు తెలుసు. జనం కిక్కిరిసి ఉండే కాలనీలు. ట్రాఫిక్‌లో సుచిత్ర దాటడమంటే ఎంత పుణ్యం చేసుకోవాలో తెలిసినవాళ్లకి తెలుసు.

ప్లాట్‌ఫారం ఉంది. బోర్డు ఉంది. ఫుట్ ఓవర్ బ్రిడ్జి ఉంది. ఆగే రైళ్లు మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టేటన్ని.

ఇక్కడ నా తెలివితక్కువతనం ఒకటి ఒప్పుకోవాలి. పోయిన సెమిస్టర్లో ఒక కంపెనీ ఇంటర్వ్యూకి రైల్లో పోదామని దగ్గర్లో ఉన్న స్టేషన్‌కి వెళ్లాను. టైమ్‌టేబుల్ చూసుకోలేదు. లోకల్ రైలంటే పది నిమిషాలకొకటి వస్తుందనుకున్నా, సినిమాల్లో ముంబై చూసి పాడైపోయిన బుర్ర. ప్లాట్‌ఫారం మీద నేనూ, ఒక కుక్కా, సిమెంటు బెంచీ మీద పడుకున్న ఒక తాతా. అరగంట చూసి ఆ తాతని లేపి అడిగాను. "పొద్దుగాలది వోయింది బిడ్డా, ఇగ సాయంత్రమే" అన్నాడు. ఆయన రైలు కోసం రాలేదు, నీడ కోసం వచ్చాడు. ఇంటర్వ్యూకి బైక్ ట్యాక్సీలో పోయాను, రెండు వందల పైన అయింది. ఉద్యోగం రాలేదు, ఆ పాపం రైలుది కాదులెండి.

మనం ఇంజనీరింగ్ చదువుతున్నాం కాబట్టి ఒక చిన్న లెక్క. టైము చూసుకోకుండా స్టేషన్‌కి పోయేవాడు సగటున ఎంతసేపు ఎదురుచూస్తాడు? రెండు రైళ్ల మధ్య విరామంలో సగం. పది నిమిషాలకొక రైలుంటే అయిదు నిమిషాలు. అరగంటకొకటైతే పావుగంట. నాలుగు గంటలకొకటైతే రెండు గంటలు. ఇరవై నిమిషాల ప్రయాణానికి రెండు గంటలు ఎవడాగుతాడు? అప్పుడు మనం రైలు టైముకి మన జీవితాన్ని కట్టేసుకోవాలి. క్లాసు పొడిగిస్తే పోయింది. ఆఫీసులో మేనేజరు ఇంకో పది నిమిషాలు ఉండమంటే పోయింది. రోజుకి రెండే రైళ్లున్న స్టేషన్ పది రైళ్లున్న స్టేషన్‌లో అయిదో వంతు పనిచేస్తుందని మనం అనుకుంటాం. నిజానికి అది అసలు పనిచేయదు. ఒక్కసారి రైలు తప్పినవాడు మర్నాడు బైకు కిస్తీ గురించి ఆలోచిస్తాడు. బైకు కొన్నాక ఇక ఆ స్టేషన్ మొహం చూడడు.

అప్పుడు ఏమవుతుంది? "జనం ఎక్కడం లేదు" అని లెక్క తేలుతుంది. జనం ఎక్కడం లేదు కాబట్టి రైళ్లు పెంచరు. రైళ్లు లేవు కాబట్టి జనం ఎక్కరు. కరోనాలో 2020 మార్చిలో ఎంఎంటీఎస్ పూర్తిగా ఆగింది. 2021 జూన్ 23న మళ్లీ మొదలైనప్పుడు పది సర్వీసులతో మొదలైంది. ఆ పదిహేను నెలల్లో రోజూ ఎక్కేవాళ్లు వేరే దారి చూసుకున్నారు. అలవాటు ఒకసారి పోతే తిరిగి తేవడం ఎంత కష్టమో, పొద్దున్నే లేచి చదువుకునే అలవాటు పోగొట్టుకున్న మనకంటే ఎవరికి తెలుసు?

ఇది మన దగ్గరే కాదు. బెంగళూరు విమానాశ్రయం దగ్గర 2021 జనవరిలో ఒక హాల్ట్ స్టేషన్ తెరిచారు. చక్కటి చిన్న స్టేషన్. రోడ్డు మీద వందల రూపాయల ట్యాక్సీ ఖర్చుతో పోయేవాళ్లకి పదుల రూపాయల్లో టికెట్టు. కానీ రైళ్లు కొన్నే, వాటి వేళలు విమానాల వేళలకీ డ్యూటీల వేళలకీ కుదరలేదు. ఎక్కినవాళ్లు తక్కువ. చెన్నైలో బీచ్ నుంచి వేళచ్చేరి దాకా ఎత్తు మీద కట్టిన ఎంఆర్‌టీఎస్ స్టేషన్లు చూసినవాళ్లకి తెలుసు, పెళ్లి మండపాలంత పెద్ద కట్టడాలు, లోపల గాలి తప్ప ఏం లేని అంతస్తులు. కాంక్రీటు పోయడం మనకి బాగా వచ్చు. అందులో మనుషుల్ని తిప్పడం దగ్గరే వెనకబడుతున్నాం.

ఇప్పుడు మా రూమ్మేట్ వాదనకి వస్తాను. వాడు చెప్పింది తీసిపారేసేది కాదు. భూమి ఈరోజు దొరికినట్టు రేపు దొరకదు. చెన్నైలోనే వేళచ్చేరి నుంచి సెయింట్ థామస్ మౌంట్ దాకా అయిదు కిలోమీటర్ల పొడిగింపు 2008లో మొదలుపెడితే, చివరి అర కిలోమీటరు భూమి దగ్గర ఏళ్లకేళ్లు ఆగిపోయింది. బెంగళూరులో సబర్బన్ రైలు గురించి మొదట మాట్లాడింది 1983లో. కేంద్రం ఒప్పుకుంది 2020 అక్టోబరులో, శంకుస్థాపన 2022 జూన్ 20న. 148 కిలోమీటర్లు, 15,767 కోట్లు, నాలుగు లైన్లకి సంపిగె, మల్లిగె, పారిజాత, కనక అని పూల పేర్లు పెట్టారు. నలభై ఏళ్ల కిందట చేసి ఉంటే ఎంతలో అయిపోయేదో! మా నాయన అదే ఊళ్లో బేల్దారి పని చేస్తూ, పని ఉన్న చోటుకి రెండు బస్సులు మారి పోతుంటాడు. కాబట్టి ముందు జాగా పట్టుకోవాలి అన్న మాట నేను ఒప్పుకుంటాను. స్టేషన్ కట్టొద్దు అని నేను అనడం లేదు.

నేను అనేది "తర్వాత ఎట్లనైనా వస్తయ్" అన్న రెండో ముక్క గురించి. అలా ఎట్లనైనా రావు. ఎందుకు రావో అర్థం కావాలంటే పట్టాల మీద ఏం జరుగుతుందో చూడాలి.

ఒక సెక్షన్లో ఒక రైలు ఉండగా వెనక రైలుకి సిగ్నల్ పడదు. మన లోకల్ రైలు నడిచే పట్టాల మీదే ఎక్స్‌ప్రెస్‌లూ, గూడ్సులూ నడవాలి. సింగిల్ రోడ్డు మీద ఒక కారు, ఒక సిమెంటు లారీ, పల్లెపల్లెకీ ఆగే ఒక సర్వీస్ ఆటో వరసగా పోతున్నట్టు ఊహించుకోండి. ఓవర్‌టేక్ చేసే వీలు లేదు. మూడూ ఒకే వేగంతో పోతే ఎన్ని బళ్లయినా పడతాయి. వేగాల్లో తేడా పెరిగే కొద్దీ ఆ రోడ్డు మీద పట్టే బళ్ల సంఖ్య తగ్గుతుంది. రెండు కిలోమీటర్లకోసారి ఆగే లోకల్ రైలుని పెడితే వెనక ఎక్స్‌ప్రెస్ ఆగాలి. ఎక్స్‌ప్రెస్‌కి దారిస్తే లోకల్ ఆగాలి. ఎవరు ఆగుతారో మీకు తెలుసు. అందుకే రెండో దశలో మౌలాలి-ఘట్‌కేసర్ మధ్య ఉన్న లైన్లకి తోడు ఇంకో రెండు వేశారు. అందుకే సికింద్రాబాద్ మీద బరువు తగ్గించాలని చర్లపల్లిలో కొత్త టెర్మినల్ కట్టి 2025 జనవరి 6న ప్రారంభించారు. అంటే రైళ్లు పెరగాలంటే అదనపు పట్టాలు కావాలి, సిగ్నళ్లు మారాలి, రేకులు కావాలి, వాటిని నిలపడానికీ తుడవడానికీ చోటు కావాలి, లోకో పైలట్లు కావాలి, ఏటా నష్టం భరించడానికి ఎవరో ఒకరు సంతకం పెట్టాలి. ఇవేవీ ప్లాట్‌ఫారం కట్టగానే వాటంతట అవి మొలిచేవి కావు. స్టేషన్‌కి శంకుస్థాపన ఉంటుంది, రిబ్బను ఉంటుంది. పొద్దున 7:10కి ఒక అదనపు రైలు పెట్టినందుకు రిబ్బను కత్తిరించేవాళ్లు తక్కువ.

స్విట్జర్లాండ్ వాళ్లు దీన్ని తిరగేసి ఆలోచించారు. 1982 నుంచి వాళ్ల రైళ్లు గంట కొట్టినట్టు, ప్రతి గంటకీ అదే నిమిషానికి నడుస్తున్నాయి. 1987లో జనం ఓటు వేసి ఒప్పుకున్న "రైల్ 2000" పథకంలో ముందు టైమ్‌టేబుల్ గీశారు. ఏ స్టేషన్లో ఏ రైలు ఎప్పుడు ఉండాలి, బస్సు దాన్ని ఎక్కడ అందుకోవాలి అని. ఆ టైమ్‌టేబుల్ కుదరడానికి ఎక్కడ పట్టాలు వేయాలో, ఎక్కడ సొరంగం తవ్వాలో తర్వాత లెక్కేశారు. కొండ కింది పల్లెకి కూడా రైలు దిగగానే పసుపు పచ్చ పోస్ట్ బస్సు ఉంటుంది. వాళ్లు డబ్బున్నవాళ్లు, మనకు కుదరదు అంటారా? టైమ్‌టేబుల్ ముందు గీయడానికి డబ్బు అక్కర్లేదు, ఒక పెన్సిలూ, జనం ఎప్పుడు ఎక్కడికి పోతున్నారో తెలుసుకోవాలన్న బుద్ధీ ఉంటే చాలు.

డబ్బుల వాదన కూడా ఉంది, దాటేసి పోను. 5 రూపాయల టికెట్టుతో రైలు నడపడం నష్టమే. ఆ పట్టాల మీద ఒక గూడ్సు పోతే రైల్వేకి వచ్చే ఆదాయం వేరు. నిజమే. కానీ ఫ్లైఓవర్‌కి టికెట్టు లేదు, దాని నష్టం ఎవరూ లెక్కేయరు. కోట్లు పోసి కట్టిన స్టేషన్ ఖాళీగా ఉంటే అది లాభమా? ఇల్లు కట్టి కరెంటు బిల్లు ఎక్కువని చీకట్లో కూర్చున్నట్టుంటుంది. పైగా ఆ స్టేషన్ పేరు చెప్పి చుట్టుపక్కల భూమి ధర పెరుగుతుంది. ఆ పెరిగింది ప్లాట్లాయన జేబులోకి పోతుంది. రైలు నష్టం మాత్రం రైలుదే. ఆ పెరిగిన ధరలో కొంత భాగం రైలు నడపడానికి రావాలని అడగడంలో అన్యాయమేమీ లేదు.

ఇంకొక మాట. తెలంగాణలో 2023 డిసెంబరు 9 నుంచి, ఆంధ్రాలో 2025 ఆగస్టు 15 నుంచి ఆడవాళ్లకి బస్సు ఉచితం. నేను ఈ పథకాలకి మనస్ఫూర్తిగా మద్దతిస్తాను. మా అమ్మ ఇప్పుడు నెలకోసారైనా గుంతకల్లు పోయి వస్తోంది. కానీ మా అక్కకి ఆ రోజుల్లో టికెట్టు ఉచితమై ఉన్నా చదువు నిలబడేది కాదు. నాలుగున్నరకి బండి ఉంటే, డబ్బులు పెట్టయినా వచ్చేది. ఉచితంగా ఎక్కడానికైనా ముందు బండి రావాలి కదా.

మరి వజ్రకరూరుకి రైల్వే లైను అడుగుతావా అని మీరు అడగొచ్చు. అడగను. మా జిల్లాలోనే రాయదుర్గం నుంచి కళ్యాణదుర్గం మీదుగా తుమకూరు దాకా రెండు వందల కిలోమీటర్ల పైచిలుకు లైను 2007-08లో మంజూరైంది. పదిహేనేళ్లు దాటినా పని ముక్కలు ముక్కలుగా సాగుతూనే ఉంది. మా ఊరికి లైను అడిగితే మా అక్క కూతురి కూతురు కాలేజీకి పోయే నాటికి రావచ్చు. మాకు కావల్సింది గుంతకల్లులో పొద్దున, సాయంత్రం ఆగే ప్యాసింజర్ రైళ్ల వేళలకి ముడిపడిన రెండు మూడు బళ్లు. కాలేజీలు వదిలాక ఒకటి, చీకటి పడక ముందు ఇంకొకటి. దానికి శంకుస్థాపన అక్కర్లేదు, కాబట్టే ఎవరికీ తట్టదు.

అందుకని నా అభిప్రాయం ఇది. మన కాలేజీ దగ్గర స్టేషన్ కావాలని సంతకాలు సేకరిద్దామని హాస్టల్ గ్రూపులో అంటున్నారు. తప్పకుండా సేకరిద్దాం, మొదటి సంతకం నాదే. కానీ అర్జీలో "స్టేషన్ మంజూరు చేయగలరు" అని ఒక్క లైను రాసి ఊరుకోవద్దు. నాలుగు విషయాలు రాద్దాం. ఒకటి, స్టేషన్ తెరిచిన రోజు నుంచి పొద్దున ఏడు నుంచి పది దాకా, సాయంత్రం నాలుగు నుంచి ఎనిమిది దాకా కనీసం అరగంటకొక రైలు, ప్రతి గంటకీ అవే నిమిషాల్లో. రెండు, రైలు దిగగానే కాలేజీల వైపు, కాలనీల వైపు పోయే బస్సు. మూడు, స్టేషన్ నుంచి మెయిన్ రోడ్డు దాకా లైట్లున్న ఫుట్‌పాత్. చివరి బండి దిగిన అమ్మాయి చీకట్లో నడవాల్సి వస్తే ఆ స్టేషన్ ఆమెకి లేనట్టే. నాలుగు, రైలుకీ బస్సుకీ మెట్రోకీ కలిపి ఒకే టికెట్టు.

ఇవి గాల్లో అడగకూడదు, లెక్కలతో అడగాలి. మన దగ్గర సివిల్ వాళ్లున్నారు, కంప్యూటర్స్ వాళ్లున్నారు, ఏ ఫారమైనా అరగంటలో తయారుచేసే మహానుభావులున్నారు. డే స్కాలర్లు ఏ కాలనీ నుంచి, ఎన్నింటికి బయల్దేరుతున్నారు, ఎంత ఖర్చవుతోంది, సాయంత్రం ఎన్నింటికి ఇల్లు చేరుతున్నారు అని వారం రోజులు రాసుకుందాం. కాలేజీ వాళ్లనే కాదు, మన మెస్‌లో వంట చేసే అక్కలనీ, గేటు దగ్గర సెక్యూరిటీ అన్నలనీ అడుగుదాం. వాళ్లే మనకంటే ముందు లేచి, మనకంటే లేటుగా ఇంటికి పోయేది. ఆ లెక్కలు పెట్టి ఒక టైమ్‌టేబుల్ మనమే గీద్దాం. ఫైనల్ ఇయర్ ప్రాజెక్టుకి ఫేస్ డిటెక్షన్ అటెండెన్స్ ఎన్నోసారి చేస్తాం చెప్పండి!

ఈ వ్యాసం సగం రాశాక ఆదివారం ఇంటికి ఫోన్ చేశాను. అక్క ఎత్తింది. వెనకాల మిషను చప్పుడు. కరపత్రం సంగతి అమ్మకి చెప్పి ఉన్నాను కాబట్టి తనకీ తెలిసింది.

"మీ కాలేజీ కాడ స్టేషన్ వస్తాదంట గదరా?" అంది.

"వస్తుందంటున్నారు. ఎప్పుడో తెలీదు" అన్నాను.

మిషను ఆగింది. "నాలుగున్నరకి క్లాసు ఇడిస్తే, మల్లా బండి ఎన్ని గంటలకుంటాది?"

మా అక్క రైల్వేల గురించి ఏమీ చదవలేదు. కానీ స్టేషన్ గురించి మొట్టమొదట అడగాల్సిన ప్రశ్న ఏదో తనకి తెలుసు. మన అర్జీలో అదే మొదటి లైనుగా ఉండాలని నా కోరిక. ఈ వారం హాస్టల్ నోటీసు బోర్డు దగ్గర ఒక కాగితం అంటిస్తాను. మీ టైములు రాసి వెళ్లండి.